ఫ్రెంచి ఫారిన్ లీజన్ తెల్ల టోపీ అసలు ఎక్కడిది?

పాతఫోటోలు
జులై 14 పారిస్ పెరేడ్ వీడియో ఎవరైనా చూశారా? కాలినడక దళాలన్నీ చకచకా వెళ్ళిపోయాక చివర్లో ఒక దళం వస్తుంది. ముందు వరుసలో గడ్డాలు పెంచి, తోలు ఏప్రాన్ కట్టుకుని, భుజాన గొడ్డలి పెట్టుకున్న మనుషులు. వాళ్ళ వెనక వరసగా తెల్ల టోపీలు. నడక కూడా మిగతావాళ్ళకంటే బాగా నెమ్మది. ఫారిన్ లీజన్ అని తెలుసు, విదేశీయులు చేరే సైన్యమని తెలుసు. ఆ టోపీ సంగతే అంతుపట్టలేదు. దుమ్ములో, ఎడారిలో తిరిగే సైన్యానికి తెల్ల టోపీ ఇవ్వాలన్న ఆలోచన ఎవరికి వచ్చింది? తెలిసినవాళ్ళు చెప్పండి.

బెజవాడ_చరిత్ర
ఎవరికీ రాలేదండి. ఉతికి ఉతికి అలా అయింది.

మొదట్నుంచీ చెప్తాను, కాస్త ఓపిగ్గా చదవండి. 1830లో ఫ్రాన్స్ అల్జీరియా మీద దండెత్తింది. అదే ఏడాది పారిస్‌లో తిరుగుబాటు జరిగి రాజు మారాడు. కొత్త రాజు లూయీ ఫిలిప్‌కి ఒకపక్క ఊళ్ళో తిరుగుతున్న విదేశీయుల బెడద. పాత రాజు కొలువులో ఉండి ఉద్యోగం పోయిన స్విస్, జర్మన్ సైనికులు, ఇతర దేశాల నుంచి పారిపోయి వచ్చినవాళ్ళు. ఇంకోపక్క అల్జీరియాకి పంపడానికి మనుషులు చాలట్లేదు. ఒక్క దెబ్బకి రెండు పనులూ అయ్యేట్టు 1831 మార్చి 10న విదేశీయులతో ఈ దళం పెట్టాడు. ఫ్రాన్స్ గడ్డ మీద వీళ్ళని వాడకూడదు, బయటే వాడాలి అని షరతు. నాలుగేళ్ళకే, 1835లో, దళాన్ని మొత్తంగా స్పెయిన్‌కి ఇచ్చేశారు, అక్కడి అంతర్యుద్ధంలో రాణి పక్షాన పోరాడమని. వాళ్ళలో చాలామంది తిరిగి రాలేదు. అల్జీరియా కోసం ఫ్రాన్స్ మళ్ళీ కొత్తగా ఇంకో లీజన్ కట్టుకోవాల్సి వచ్చింది.

ఇక టోపీ. అప్పట్లో ఫ్రెంచి సైనికుడి నెత్తిన షాకో అని పొడుగాటి గట్టి టోపీ ఉండేది. అల్జీరియా ఎండలో దాన్ని మొయ్యడం వాళ్ళ వల్ల కాలేదు. బదులుగా తేలికైన గుడ్డ టోపీ వచ్చింది. అదే మెల్లమెల్లగా రూపు మారి కెపీ అయింది. గుండ్రటి గోడ, పైన చదును, ముందు చిన్న అంచు. కింద ముదురు నీలం పట్టీ, పైన ఎరుపు. ఫ్రెంచి సైన్యం అంతా అదే పెట్టుకునేది, లీజన్‌కి ప్రత్యేకంగా ఏమీ లేదు.

ఎండ దేశాల్లో ఈ కెపీ మీద నూలు గలేబు తొడిగేవాళ్ళు. మెడ కాలకుండా వెనక ఒక గుడ్డ ముక్క వేలాడేది. 20వ శతాబ్దం మొదట్లో వచ్చిన గలేబులు ఖాకీ రంగువి. ఎండకీ సబ్బుకీ ఆ ఖాకీ వెలిసి, వెలిసి తెలుపుకి తిరిగేది. దాంతో వెలిసిన గలేబు పాతకాపు గుర్తు అయిపోయింది. కొత్తగా చేరిన కుర్రాళ్ళు కూడా తమది తొందరగా తెల్లబడాలని పనిగట్టుకుని ఉతికేవాళ్ళట. పైవాళ్ళు ఇచ్చిన టోపీ కాదు, కింది సైనికులు తమంతట తాము తయారు చేసుకున్న గుర్తు అది.

పాతఫోటోలు
అబ్బ, భలే ఉంది సార్. మరి అధికారికం ఎప్పుడు అయింది?

బెజవాడ_చరిత్ర
1914లో ఎర్ర ప్యాంట్లు, కెపీలతో యుద్ధానికి వెళ్ళి ఫ్రెంచి సైన్యం ఎలా దెబ్బతిన్నదో తెలుసు కదా. 1915లో ఇనుప హెల్మెట్లు వచ్చాయి, కందకాల్లో కెపీకి పనిలేకుండా పోయింది. కానీ 1920లలో ఉత్తర ఆఫ్రికాలో లీజన్ దాన్ని మళ్ళీ బయటికి తీసింది. ఇందులో జనరల్ రోలే అనే ఆయన పాత్ర పెద్దది. 1931లో లీజన్ నూరేళ్ళ పండగ జరిగినప్పుడు పాత ఆచారాలన్నీ వెతికి పట్టుకుని నిలబెట్టాడు. భుజాల మీద ఆకుపచ్చ, ఎరుపు కుచ్చులు, నడుముకి నీలం పట్టీ, తెల్ల గలేబు కెపీ, అన్నీ. 1939 జులై 14న పారిస్ పెరేడ్‌లో తెల్ల కెపీలతో నడిచారు. అధికారిక గుర్తింపు అప్పటి నుంచే అని లెక్క. ఇప్పుడు గలేబు బాధ లేదు, టోపీనే తెల్లగా కుడుతున్నారు.

పాత సినిమాల్లో 19వ శతాబ్దపు లీజన్ వాళ్ళకి మిలమిలలాడే తెల్ల కెపీ పెడతారే, అది చూసి నమ్మకండి.

ఆ నీలం పట్టీ కూడా అలంకారానికి వచ్చింది కాదు. నాలుగు మీటర్ల పైచిలుకు పొడుగు. కడుపు చల్లబడితే విరేచనాలు పట్టుకుంటాయని అప్పటి డాక్టర్ల నమ్మకం, అందుకని చొక్కా కింద చుట్టుకోమని ఇచ్చారు. తర్వాత చొక్కా మీదకి వచ్చింది.

యానాం_కుర్రోడు
కెపీ అనగానే ఒకటి చెప్పాలి. మా యానాంలో పోలీసు కానిస్టేబుల్ నెత్తిన ఎర్ర టోపీ చూశారా ఎప్పుడైనా? కాకినాడ నుంచి వచ్చేవాళ్ళు ఆగి మరీ ఫోటోలు తీసుకుంటారు. అది కెపీయే. పుదుచ్చేరి కానిస్టేబుళ్ళకీ అదే, ఫ్రెంచివాళ్ళు 1954లో వెళ్ళిపోయినా టోపీ ఉండిపోయింది. బెజవాడ గారు చెప్పిన ఆకారమే: గుండ్రటి గోడ, పైన చదును, ముందు అంచు. ఇంతకాలం అది పోలీసు టోపీ అనే అనుకున్నాం, సైన్యం టోపీకి చుట్టమని ఇప్పుడే తెలిసింది.

ఇంకో ప్రశ్న. పుదుచ్చేరిలో ఫ్రెంచి సైన్యం పెన్షన్ తీసుకునే ముసలాళ్ళు ఉంటారు కదా, వాళ్ళందరూ ఈ లీజన్ వాళ్ళేనా?

బెజవాడ_చరిత్ర
కాదండి, ఇక్కడే చాలామంది తికమక పడతారు. పుదుచ్చేరి, కారైకాల్, మాహే, యానాం 1962లో చట్టప్రకారం ఇండియాలో కలిసినప్పుడు ఫ్రెంచి పౌరసత్వం ఉంచుకునే వీలు ఇచ్చారు. అలా ఉంచుకున్నవాళ్ళు, వాళ్ళ పిల్లలు ఫ్రెంచి పౌరులుగానే మామూలు ఫ్రెంచి సైన్యంలో చేరారు. లీజన్ సంగతి వేరు, పరాయి దేశపు మనిషి తన పాస్‌పోర్టుతో వచ్చి చేరేది. ఆ తేడా వాళ్ళ జెండా మీద కూడా కనిపిస్తుంది. మిగతా ఫ్రెంచి దళాల జెండాల మీద ‘గౌరవం, మాతృభూమి’ అని ఉంటే లీజన్ జెండా మీద ‘గౌరవం, విశ్వాసం’ అని ఉంటుంది. ఫ్రాన్స్ వాళ్ళ మాతృభూమి కాదు మరి.

చార్మినార్_చాయ్
మా హైదరాబాద్‌లో కూడా ఫ్రెంచోళ్ళ ఫౌజ్ ఉండె కద భాయ్, నిజాం దగ్గర? మూసారాంబాగ్ పేరు ఆ రేమాండ్ సాబ్‌దే అంటరు.

బెజవాడ_చరిత్ర
ఉండేది. కానీ రేమాండ్ దళంలో ఆఫీసర్లు ఫ్రెంచివాళ్ళు, సిపాయిలు ఇక్కడివాళ్ళు. ఆయన 1798లో పోయాడు, అదే ఏడాది ఇంగ్లీషువాళ్ళు ఆ దళాన్ని నిరాయుధం చేసి రద్దు చేయించారు. విదేశీ సైనికులే కావాలంటే మీ ఏసీ గార్డ్స్ పేరు చూడండి, నిజాం దగ్గర ఉన్న ఆఫ్రికన్ గుర్రపు దళం వాళ్ళది ఆ పేట. దాని మీద వేరే చర్చ తెరవొచ్చు.

మార్సే_తెలుగు
నేను మార్సేలో ఉంటాను. లీజన్ కేంద్రం ఓబాన్ ఊరు మాకు దగ్గర్లోనే. అక్కడి మ్యూజియం అందరూ చూడొచ్చు. ఏప్రిల్ 30న వెళ్తే ఇంకా బాగుంటుంది, ఆ రోజు వాళ్ళ పెద్ద పండగ.

పండగ అంటే గెలుపు అనుకునేరు. 1863 ఏప్రిల్ 30న మెక్సికోలో కామెరోన్ అనే చోట వీళ్ళు ఓడిపోయారు. కెప్టెన్ దాంజు, ఇంకో ఇద్దరు ఆఫీసర్లు, 62 మంది సైనికులు. ఎదుట దాదాపు 2000 మంది మెక్సికన్లు. ఒక పాత ఇంటి ఆవరణలో చేరి, నీళ్ళు లేక, సాయంత్రం దాకా కాల్చుకున్నారు. తూటాలు అయిపోయాక మిగిలిన అయిదుగురు తుపాకులకి బాయొనెట్లు తగిలించుకుని ఎదురు పరిగెత్తారు. దాంజుకి అంతకుముందే ఎడమ చెయ్యి లేదు, 1853లో అల్జీరియాలో తుపాకీ పేలి పోయింది. చెక్కతో చేయించుకున్న చెయ్యి పెట్టుకునేవాడు. ఆయన పోయాక ఆ చెయ్యి ఎవరి చేతుల్లోనో తిరిగి చివరికి లీజన్‌కి చేరింది.

ఇప్పుడది ఓబాన్ మ్యూజియంలో ఉంటుంది. ఏప్రిల్ 30న ఒక పాత లీజన్ సైనికుడు దాన్ని అద్దాల పెట్టెలో పట్టుకుని, పెరేడ్ మైదానం మధ్యలోంచి స్మారకం దాకా నడుస్తాడు. ఆ గౌరవం ఎవరికి ఇవ్వాలో ఏటా ఎంపిక చేస్తారు. నేను చూసినప్పుడు జనం వేలల్లో ఉన్నా ఆయన బూట్ల కింద కంకర చప్పుడు వినిపించింది. చెయ్యి అనుకున్నదానికంటే చిన్నది, రంగు బాగా ముదిరిపోయింది, వేళ్ళకి కీళ్ళు ఉన్నాయి. ఇంకో ముచ్చట: ఆ రోజు పొద్దున కింది సైనికులకి ఆఫీసర్లే కాఫీ, టిఫిన్ వడ్డిస్తారు.

ఆ స్మారకానికీ ఒక కథ ఉంది. అసలది అల్జీరియాలో సీదీ బెల్ అబ్బేస్‌లో ఉండేది, నూరేళ్ళ పండగకి కట్టారు. 1962లో అల్జీరియాకి స్వాతంత్ర్యం వచ్చి లీజన్ ఖాళీ చేసినప్పుడు దాన్ని కూడా విప్పుకుని ఇక్కడికి తెచ్చుకున్నారు.

పాతఫోటోలు
మార్సే గారూ, ఆ పెరేడ్‌లో అందరికీ తెల్ల కెపీయేనా? ఫోటోల్లో కొంతమందికి నల్లగా కనిపిస్తోంది.

మార్సే_తెలుగు
తెల్లది కింది సైనికులకి, కార్పొరల్ స్థాయి వాళ్ళకి మాత్రమే. సార్జెంట్ అయ్యాక నల్ల కెపీ అంటారు, నిజానికి ముదురు నీలం, పైన ఎరుపు. ఆఫీసర్లది కూడా ఆ వరసే, బంగారు జరీతో. కార్పొరల్-చీఫ్ దగ్గరే ఆగిపోయినా 15 ఏళ్ళ సర్వీసు దాటితే నల్లది ఇస్తారు. ప్రపంచమంతా లీజన్ అనగానే గుర్తుపట్టే టోపీని జనరల్ పెట్టుకోడానికి వీల్లేదు. నాకు ఈ సంగతే అన్నిటికంటే నచ్చింది.

సుబేదార్_సాబ్
ఈ కుర్రాళ్ళకి అది ఊరికే చేతికివ్వరు. కాస్తెల్‌నొదరీ అనే ఊళ్ళో శిక్షణ రెజిమెంట్ ఉంది. కొత్తవాళ్ళని మొదటి నెల ఊరికి దూరంగా ఒక పొలం ఇంట్లో పెడతారు. నెలాఖరుకి వీపున మూటతో రెండు రోజుల మార్చ్, 50 కిలోమీటర్ల పైనే. అది పూర్తిచేస్తేనే కెపీ. చాలాసార్లు రాత్రిపూట, కాగడాల వెలుతురులో చేస్తారు. టోపీ చేత్తో పట్టుకుని నిలబడి ఏడు నిబంధనల ప్రమాణం ఫ్రెంచిలో అప్పజెప్పాలి. ఆర్డర్ రాగానే అందరూ ఒక్కసారే నెత్తిన పెట్టుకుంటారు. నెల కిందటి దాకా ఫ్రెంచి ముక్క రాని నేపాలీ, బ్రెజిల్ కుర్రాళ్ళు కూడా ఆ ఏడూ గడగడా చెప్పాల్సిందే. అక్కడి నుంచే వాళ్ళని లీజన్ సైనికులు అంటారు.

నేను మన సైన్యంలో గోర్ఖా పల్టన్ పక్కన పనిచేసినవాణ్ణి. వాళ్ళకి ఆ వెడల్పు అంచు టోపీ అంటే ప్రాణం. రెండు ఫెల్టు టోపీలు ఒకదాంట్లో ఒకటి పెట్టి కుట్టినట్టు ఉంటుంది, అందుకే అంచు అంత బిగువు. పట్టీ గడ్డం కింద కాదు, కింది పెదవి కింద. అది నెత్తిన ఉన్నంతసేపూ మెడ వంచడు.

సిద్దిపేట_సిరి
గోర్ఖాలు కూడా విదేశీయులే కదా, మరి లీజన్‌కీ వాళ్ళకీ తేడా ఏంటి అంకుల్?

సుబేదార్_సాబ్
మంచి ప్రశ్న తల్లీ. గోర్ఖాలు ఒప్పందం ప్రకారం వస్తారు. 1947లో ఇండియా, బ్రిటన్, నేపాల్ మూడూ కలిసి రాసుకున్నాయి. అప్పుడున్న పది రెజిమెంట్లలో ఆరు మనకి, నాలుగు బ్రిటన్‌కి. పోయేవాడి దేశానికి అంతా తెలుసు, ఊళ్ళో అందరికీ తెలుసు, నాన్న పనిచేసిన పల్టన్‌లోనే కొడుకు చేరతాడు. లీజన్‌లో అలాంటి ఒప్పందాలేం లేవు. ఎవడికి వాడు వచ్చి తలుపు తట్టాలి. ఒకప్పుడైతే లోపలికి వెళ్ళగానే పేరే మార్చేసేవాళ్ళు, 2010 దాకా అది అందరికీ తప్పనిసరి. అగ్నిపథ్ వచ్చాక 2022 నుంచి మన గోర్ఖా భర్తీకి నేపాల్ బ్రేకు వేసింది, అది వేరే కథ.

ఎర్రసిరా
అందరూ టోపీ చుట్టూ తెగ మురిసిపోతున్నారు. ఆ టోపీ పెట్టుకుని ఏం చేశారో కూడా చెప్పుకోవాలి కదా. అల్జీరియాని ఆక్రమించడానికే పుట్టిన సైన్యం ఇది. దహోమీ, మడగాస్కర్, మొరాకో, వియత్నాం, ఎక్కడ వలస రాజ్యం కావాలంటే అక్కడికి వీళ్ళని తోలారు. చచ్చినా పారిస్‌లో అడిగే నాథుడు లేడనే కదా విదేశీయులని పెట్టుకున్నది? 1895 మడగాస్కర్ దండయాత్రలో ఫ్రెంచి సేన మొత్తంలో పోరాటంలో పోయినవాళ్ళు పాతిక మందికి అటూ ఇటూ, మలేరియాతో, రోగాలతో పోయినవాళ్ళు వేలల్లో. ఇండోచైనాలో 1954 దాకా లీజన్ ఒక్కటే పదివేలకు పైగా మనుషుల్ని పోగొట్టుకుంది. అక్కడ చనిపోయిన వియత్నాం వాళ్ళ లెక్క ఏ మ్యూజియంలో ఉంది?

బెజవాడ_చరిత్ర
మీరన్నది కాదనలేం. కామెరోన్ కూడా అంతే, మెక్సికో వాళ్ళ దేశంలోకి చొరబడి చేసిన యుద్ధం. దాంజు ధైర్యం వేరు, ఆయన్ని అక్కడికి పంపినవాళ్ళ పని వేరు. 1961లో అల్జీరియాని వదలకూడదని కొందరు జనరల్స్ సొంత ప్రభుత్వం మీదే తిరగబడితే లీజన్‌లోని మొదటి పారాచూట్ రెజిమెంట్ వాళ్ళ వెంట వెళ్ళింది. ఆ రెజిమెంట్‌ని రద్దు చేసేశారు.

కాకపోతే అన్నీ ఒకే గాటన కట్టకండి. 1942లో లిబియా ఎడారిలో బీర్ హకీమ్ దగ్గర జర్మన్ సేనాని రోమెల్‌ని రెండు వారాలు ఆపిన ఫ్రెంచి సేనలో లీజన్ ఉంది. ఫాసిస్టుల నుంచి పారిపోయి వచ్చిన స్పానిష్ వాళ్ళు, హిట్లర్ నుంచి తప్పించుకున్నవాళ్ళు చాలామంది అందులో ఉన్నారు. అప్పుడే దగ్గర్లో మన 3వ ఇండియన్ మోటార్ బ్రిగేడ్ జర్మన్, ఇటాలియన్ ట్యాంకుల కింద పడి చెదిరిపోయింది. పట్టుబడ్డ భారతీయ సైనికుల్ని ఎడారిలో వదిలేస్తే కొన్ని వందల మంది దాహంతో బీర్ హకీమ్ చేరారు. అసలే నీళ్ళు కొలిచి తాగుతున్న ఆ దళం వాళ్ళకి కూడా పంచింది.

రాకెట్_రాజు
మధ్యలో దూరుతున్నాను, ఒక్క ముక్క చెప్పి పోతా. లీజన్‌కి శ్రీహరికోట వాళ్ళతో కూడా చుట్టరికం ఉంది. దక్షిణ అమెరికాలో ఫ్రెంచి గయానాలో కూరూ రాకెట్ కేంద్రం ఉంది కదా, దాని కాపలా పనిలో లీజన్ 3వ రెజిమెంట్ ఉంటుంది, 1973 నుంచి అక్కడే మకాం. మన ఆపిల్ ఉపగ్రహం 1981లో పైకి వెళ్ళింది కూరూ నుంచే. మన రాకెట్లు మొయ్యలేని బరువైనవి చాలాకాలం అక్కడికే పంపాం, 2018లో జీశాట్-11 బరువు 5,854 కిలోలు. ఇక్కడ కంట్రోల్ రూంలో మనవాళ్ళు టెన్షన్‌తో స్క్రీన్లు చూస్తుంటే అక్కడ అడవిలో తుపాకీ పట్టుకుని తిరిగింది ఈ తెల్ల కెపీ వాళ్ళే. అడవిలో కెపీ ఉండదనుకోండి, పనిలో ఉన్నప్పుడు వేరే టోపీలు.

పాతఫోటోలు
ఔను, ఆకుపచ్చ బెరే, అదే అంచు లేని మెత్తటి టోపీ, కూడా చూశాను.

బెజవాడ_చరిత్ర
అది ఇండోచైనా కాలంలో లీజన్ పారాచూట్ దళాల దగ్గర మొదలై, 1950ల చివరికి అందరికీ వచ్చింది. బ్యాడ్జి కుడివైపు ఉంటుంది, బ్రిటిష్ వాళ్ళకి ఎడమవైపు. రోజువారీ పనికి బెరే, కవాతుకీ బయటికి వెళ్ళేటప్పటికీ కెపీ.

జగిత్యాల_99
అన్నా, మా బాబాయి కొడుకు దీంట్లో చేరుతా అంటున్నడు. ఒక ఏజెంట్ అయిదు లక్షలు అడిగిండు, సెలక్షన్ గ్యారంటీ అంట. ఇయ్యొచ్చా?

మార్సే_తెలుగు
ఒక్క రూపాయి కూడా ఇవ్వకండి! లీజన్‌కి ఏ దేశంలోనూ ఏజెంట్లు లేరు, దరఖాస్తు ఫీజు లేదు. మనిషి తన పాస్‌పోర్టుతో ఫ్రాన్స్ వచ్చి, పారిస్ దగ్గర నోజాన్ కోటలోనో ఇక్కడ ఓబాన్‌లోనో గేటు దగ్గర స్వయంగా నిలబడాలి. వయసు పదిహేడున్నర నుంచి ముప్ఫై తొమ్మిదిన్నర. ఫ్రెంచి రాకపోయినా ఫర్వాలేదు. మొదటి ఒప్పందం 5 ఏళ్ళు, మధ్యలో మనసు మారింది అంటే కుదరదు. 3 ఏళ్ళ తర్వాత పౌరసత్వానికి దరఖాస్తు పెట్టుకోవచ్చు, పెట్టుకుంటే వచ్చేసినట్టు కాదు. వచ్చినవాళ్ళలో ఎక్కువమందిని వెనక్కి పంపేస్తారు, రానూపోనూ టికెట్ డబ్బులు ఉంటేనే రమ్మనండి. గ్యారంటీ అన్నవాడు మోసగాడే.

సుబేదార్_సాబ్
మీ తమ్ముడికి ఇంకోటి కూడా చెప్పు బాబూ. చొక్కా మడతలు కొలత ప్రకారం ఇస్త్రీ చెయ్యడం, నేల తుడవడం, పాటలు బట్టీ పట్టడం, మొదట్లో ఇవే ఎక్కువ. వీడియోల్లో ఉండే పారాచూట్లు తర్వాత సంగతి. తుపాకీ సరదాతో పోతే నెలకే ఏడుపు మొహం పడుతుంది.

జగిత్యాల_99
థాంక్స్ అన్నా, ఏజెంట్ నంబర్ బ్లాక్ చేయిస్తున్న. చొక్కాల సంగతి చెప్తే వాడే ఆగేటట్టున్నడు.

సిద్దిపేట_సిరి
ఆడవాళ్ళకి అసలు చోటే లేదా ఇందులో?

బెజవాడ_చరిత్ర
చరిత్రలో ఒక్కరే ఉన్నారు. సుసాన్ ట్రావర్స్, ఇంగ్లీషు మనిషి. బీర్ హకీమ్‌లో ఫ్రెంచి సేనని నడిపిన జనరల్ కోనిగ్‌కి కారు డ్రైవర్. 1942 జూన్ 10 రాత్రి ముట్టడి చీల్చుకుని బయటపడాల్సి వచ్చినప్పుడు చీకట్లో, మందుపాతరల మధ్య నుంచి జనరల్‌ని కూర్చోబెట్టుకుని కారు తోలింది. తెల్లారి చూస్తే కారుకి తూటాల చిల్లులు. యుద్ధం అయ్యాక లీజన్‌లో చేరతానని ఫారం నింపి ఇచ్చింది, అధికారికంగా తీసుకున్నారు. ఆ తర్వాత ఇండోచైనాలో కూడా పనిచేసింది.

సిద్దిపేట_సిరి
ఆమె మీదనే సపరేట్‌గా ఒక థ్రెడ్ పెట్టండి సార్, టోపీలు ఇక చాలు.

చార్మినార్_చాయ్
నా ఏసీ గార్డ్స్ థ్రెడ్ ముందు, లైన్‌ల ఉండు చెల్లె.